ఆల్బర్ట్‌ను మరిచారు

సంపాదకులకు నమస్కారం.

పాత బ్రిటిష్ హాస్య చిత్రాలపై మీరు ఆదివారం ప్రచురించిన వ్యాసం ఇష్టంగా చదివాను గానీ, హాస్య నటుడు విల్ హే గురించి అంత విపులంగా రాసినవారు ఆయన పక్కన నిలిచిన బొద్దు కుర్రాడు గ్రాహం మొఫట్ పేరు ఒక్కసారైనా తలవకపోవడం వెలితిగా తోచింది.

1937లో ‘ఓ, మిస్టర్ పోర్టర్!’ విడుదలయ్యేనాటికి అతనికి పద్దెనిమిదేళ్లు కూడా నిండలేదు. మారుమూల రైల్వే స్టేషన్‌కు కొత్తగా వచ్చిన స్టేషన్ మాస్టరుగా విల్ హే పెత్తనం చెలాయించబోతే, మొఫట్ వేసిన పోర్టర్ ఆల్బర్ట్ ఏమాత్రం బెదరకుండా ఎదురు సమాధానం చెబుతాడు. పళ్లూడిన ముసలి హార్‌బాటిల్‌గా మూర్ మారియట్ మధ్యలో దూరి ఆ రభసను మరింత పెంచుతాడు. మాస్టరు డాబు ఎంత డొల్లో మనకు తెలిసేది ఈ కుర్రాడి నిర్లక్ష్యం వల్లనే కనుక, నా లెక్కలో నవ్వులో సగం వాటా అతనిదే. (మారియట్‌కు అప్పటికి యాభై దాటి రెండేళ్లే అయినా ఎనభై ఏళ్లవాడిలా కనిపిస్తాడు, అది వేరే విషయం.)

విల్ హేతో జట్టు విడిపోయాక మొఫట్, మారియట్ ఇద్దరూ మరో హాస్య నటుడు ఆర్థర్ ఆస్కీ చిత్రాల్లో నటించారు. 1944 నాటి ‘ఎ కాంటర్‌బరీ టేల్’లో మొఫట్ సార్జెంటుగా చిన్న వేషం వేశాడు. ఆ తర్వాత నటన దాదాపు మానేసి పబ్ నడుపుకున్నాడు. 1965లో, 45 ఏళ్లకే కన్నుమూశాడు.

ఇట్లు,
ఒక పాఠకుడు, రాజమహేంద్రవరం