సుమారు 19 ఏళ్లు

సంపాదకులు గారికి,

నమస్కారం. పోయిన మంగళవారం మీ జిల్లా ఎడిషన్ మూడో పేజీలో రెండు సెల్‌ఫోన్లు కొట్టేసిన పిల్లాడి వార్త వేశారు. 'బాల నేరస్థుడి అరెస్టు, రిమాండ్' అని హెడ్డింగు. కళ్ల మీద నల్లగీత పెట్టి ఫొటో. పేరుకు బదులు పొడి అక్షరం ఒక్కటే వేశారు, అక్కడిదాకా బాగానే ఉంది. కింద మాత్రం పిల్లాడు ఏ స్కూల్లో తొమ్మిది చదువుతున్నాడో, వాళ్ల నాన్న ఏ సెంటర్లో టీకొట్టు నడుపుతున్నాడో రాశారు. ఆ సెంటర్లో ఉన్నది ఒక్కటే టీకొట్టు. నేను రోజూ పొద్దున్నే అక్కడే తాగుతాను. బుధవారం వెళ్తే కొట్టు మూసి ఉంది. గురువారమూ మూసే ఉంది.

మిమ్మల్ని తిట్టడానికి రాస్తున్న ఉత్తరం కాదిది. ఆ పని ఏళ్ల తరబడి చేసిన వాళ్లలో నేనూ ఉన్నాను.

పోలీసు శాఖలో 36 ఏళ్లు పనిచేసి 2021లో హెడ్ కానిస్టేబుల్‌గా రిటైరయ్యాను. అందులో 11 ఏళ్లు స్టేషన్ రైటర్‌ని. రైటరంటే కథలు రాసేవాడు అనుకునేరు. అదీ కొంత నిజమే లెండి. ఎఫ్‌ఐఆర్, జనరల్ డైరీ, సాక్షుల స్టేట్‌మెంట్లు, మధ్యవర్తుల రిపోర్టు, రిమాండ్ రిపోర్టు, అన్నీ ఎస్‌ఐ గారి సంతకంతో వెళ్లేవే, అన్నీ నా చేతిరాతే. రిటైరయ్యాక ఇంట్లో కూర్చోలేక లాసెట్ రాశాను. ఇప్పుడు మూడేళ్ల ఎల్ఎల్‌బీలో ఆఖరి సంవత్సరం. పక్కన కూర్చునే అమ్మాయి మా చిన్నమ్మాయి కంటే పదేళ్లు చిన్నది, 'బాబాయ్ గారూ, నోట్సు ఇవ్వరా' అంటుంది.

ఈసారి ఒకే పేపర్లో మూడు చట్టాలున్నాయి. క్రిమినల్ ప్రొసీజర్, జువెనైల్ జస్టిస్, ప్రొబేషన్. మొదటిది నాకు నోటికొచ్చనుకున్నాను. 2024 జులై 1 నుంచి పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్‌పీసీ) పోయి భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (బీఎన్‌ఎస్‌ఎస్) వచ్చింది, 484 సెక్షన్లు 531 అయ్యాయి. ఎఫ్‌ఐఆర్ 154 కాస్తా 173 అయింది. సాక్షి స్టేట్‌మెంటు 161 పోయి 180 వచ్చింది. అరెస్టు చెయ్యకుండా హాజరు కమ్మని ఇచ్చే 41ఏ నోటీసు ఇప్పుడు 35(3). ఇంటర్నల్ పరీక్షలో ఇవన్నీ బుర్రలో ఉన్నాయి, చెయ్యి మాత్రం 154 అని రాసేసింది. మా లెక్చరర్ ఎర్రసిరాతో సున్నా చుట్టి, 'పాత కేసేమైనా ఫైల్ చేస్తున్నారా సార్?' అన్నారు. ఆయన నాకంటే పాతికేళ్లు చిన్న.

చెమట పట్టింది రెండోదాని దగ్గర. 2015 నాటి జువెనైల్ జస్టిస్ చట్టం మూడో సెక్షన్ చదువుతుంటే అందులో ఒక సూత్రం కనబడింది. పిల్లల విషయంలో నేరం అంటగట్టే మాటలు, నిందమోపే మాటలు వాడకూడదట. మీ హెడ్డింగులో నాలుగు మాటలుంటే, 'బాల' తప్ప మిగతా మూడూ ఆ కోవలోవే. పట్టుకున్న పిల్లాణ్ని లాకప్పులో గానీ జైల్లో గానీ పెట్టకూడదు, 24 గంటల్లో జువెనైల్ జస్టిస్ బోర్డు ముందుకు తీసుకెళ్లాలి. ఆ బోర్డులో ఒక మేజిస్ట్రేటు, ఇద్దరు సామాజిక కార్యకర్తలు, వాళ్లలో ఒకరైనా స్త్రీ. ఇక 2016లో కేంద్రం ఇచ్చిన మోడల్ రూల్స్ చూస్తే, కనీసం 7 ఏళ్ల శిక్ష ఉన్న ఘోర నేరమైతేనో, పెద్దవాళ్లతో కలిసి చేస్తేనో తప్ప అసలు ఎఫ్‌ఐఆరే కట్టకూడదు. జనరల్ డైరీలో రాసుకుని, పిల్లాడి ఇల్లూ వాకిలీ, చదువూ సంధ్యా, సావాసాలూ ఎలాంటివో ఒక నివేదిక రాసి బోర్డుకు పంపాలి. రెండు సెల్‌ఫోన్లకు అరెస్టు ఎక్కడిది, రిమాండ్ ఎక్కడిది?

74వ సెక్షన్ నేరుగా మీకోసమే రాసింది. పేరు, చిరునామా, బడి, ఇంకే వివరమైనా సరే, పిల్లాడు ఫలానా అని తెలిసిపోయేది ఏదీ పత్రికలో రాకూడదు. ఫొటో రాకూడదు. బడి అన్న మాట చట్టంలో విడిగా ఉంది, మీ విలేకరి బడి పేరు వేశాడు. తప్పితే ఆరు నెలల దాకా జైలు, 2 లక్షల దాకా జుల్మానా, లేదంటే రెండూ. ఆ వివరాలు విలేకరి చేతికి ఎలా వచ్చాయో మాత్రం అడగను. ఇప్పుడైతే వాట్సాప్ గ్రూపులో ప్రెస్‌నోట్ పడుతుంది. మా రోజుల్లో నా టేబులే వాట్సాప్.

సాయంత్రం ఆరయ్యేసరికి ముగ్గురు నలుగురు విలేకర్లు వచ్చి చుట్టూ చేరేవాళ్లు. 'ఏమున్నాయి రైటర్ గారూ ఇవాళ?' టీ చెప్పేవాణ్ని. ఎఫ్‌ఐఆర్ పుస్తకం తిప్పుతూ నేను చదివేవాణ్ని, వాళ్లు రాసుకునేవాళ్లు. పేరు, తండ్రి పేరు, వయసు, కులం, ఊరు. ఆ వరసలోనే చదివేవాణ్ని, కాలమ్స్ అలాగే ఉంటాయి కాబట్టి.

2000 సంవత్సరపు జువెనైల్ జస్టిస్ చట్టం నడుస్తున్న రోజుల్లో, ఒక స్టేషన్లో పనిచేస్తుండగా, చేలో పెట్టిన ట్రాక్టర్ నుంచి బ్యాటరీ పీకి పాత ఇనుప కొట్టులో 900 రూపాయలకు అమ్మిన కుర్రాణ్ని తీసుకొచ్చారు. నూగుమీసమే గానీ మనిషి గుమ్మమంత ఎత్తున్నాడు. వయసెంతరా అంటే, 'పదో క్లాసు తప్పానండి' అన్నాడు. ఎస్‌ఐ గారి వైపు చూశాను. ఆయన ఫోన్లో ఉన్నారు, కానివ్వమని చేత్తో సైగ చేశారు. 'వయసు: సుమారు 19 ఏళ్లు' అని రాశాను.

పొరపాటున రాశానని ఇన్నాళ్లూ నాకు నేను చెప్పుకుంటూ వచ్చాను. పొరపాటు కాదు. పద్దెనిమిది లోపంటే బోర్డుకు తీసుకెళ్లాలి. బోర్డు జిల్లా కేంద్రంలో ఉంది. యూనిఫాం లేకుండా వెళ్లాలి, ఎస్కార్టుకు మనుషుల్లేరు, మర్నాడు మంత్రి గారి బందోబస్తు. 19 అంటే వీధి చివరే కోర్టు, దాని వెనకే సబ్‌జైలు. ఆ లెక్క నా బుర్రలో క్షణంలో తిరిగింది, పెన్ను దాని వెనకే వెళ్లింది.

వయసు తేల్చడానికి ఒక వరస అప్పటికే 2007 రూల్స్‌లో ఉంది. ఇప్పుడు 94వ సెక్షన్‌లోనూ ఉంది. ముందు బడి కాగితం, అది లేకపోతే పంచాయతీ వాళ్లో మున్సిపాలిటీ వాళ్లో ఇచ్చిన పుట్టిన తేదీ కాగితం, ఏదీ లేకపోతేనే డాక్టర్ల పరీక్ష. కంటిచూపుతో తేల్చెయ్యడం ఇప్పటి చట్టంలో ఒక్కచోటే ఉంది. చూడగానే పిల్లాడని తెలిసిపోతుంటే బోర్డు కాగితాల కోసం ఆగనక్కర్లేదని. అంటే కళ్లతో చూసి పిల్లాడనవచ్చు గానీ, పెద్దవాడనడానికి వీల్లేదు. నేను చేసింది సరిగ్గా ఆ వీల్లేని పనే.

మూడో రోజు తల్లి వచ్చింది. రేషన్ కార్డు పెట్టుకునే పాలిథిన్ సంచిలో కొడుకు టీసీ మడిచి తెచ్చింది, మడతల దగ్గర పిగిలిపోతోంది. జిరాక్స్ తీయించుకురామ్మా అన్నాను. కోర్టు ఎదురు కొట్టులో ఐదు కాపీలు తీయించుకొచ్చింది, ఎన్ని కావాలో నేను చెప్పలేదు మరి. తేదీ లెక్కేస్తే పదిహేనేళ్ల ఎనిమిది నెలలు. లాయర్ను మాట్లాడుకుని, కాగితం కోర్టులో పెట్టించి, కేసు బోర్డుకు మారేసరికి 11 రోజులు పట్టింది. ఆ 11 రోజులూ వాడు పెద్ద ఖైదీల మధ్యే పడుకున్నాడు. ఆఖరికి బోర్డు మందలించి ఇంటికి పంపేసింది. ట్రాక్టరు రైతు అడిగిందీ పెద్దగా ఏం లేదు, 'బ్యాటరీ ఇప్పించండి బాబూ, దమ్ము చేసుకోవాలి' అని. ఆ బ్యాటరీ కేసు ప్రాపర్టీ అయి కోర్టులో ఆరు నెలలుంది. ఆయన కొత్తది కొనుక్కున్నాడు.

వాణ్ని తెచ్చిన సాయంత్రం విలేకర్లకు ఆ ఎఫ్‌ఐఆర్ కూడా చదివాను. పొద్దున పేపర్లో పేరు, తండ్రి పేరు, ఊరు, బ్రాకెట్లో 19. బోర్డు ఇంటికి పంపేసిన సంగతి మాత్రం పేపర్లో రాలేదు. నేను చదవలేదు, వాళ్లు అడగలేదు.

రిటైర్మెంటుకు ఏడాది ముందు నాకు పాస్‌పోర్టు ఎంక్వైరీల పని అప్పజెప్పారు. కువైట్ వెళ్లడానికి పెట్టుకున్న దరఖాస్తుల్లో ఆ పేరు కనబడింది. ఊళ్లోకి వెళ్లి ఇల్లెక్కడని అడిగితే, 'ఎవరూ, బ్యాటరీయా?' అన్నారు. పేపర్లో పడ్డాక అదే వాడి ఇంటిపేరైపోయింది. వాడు నన్ను గుర్తుపట్టాడు. కుర్చీ వేసి, పెళ్లాం చేత మజ్జిగ ఇప్పించి, ఆవిడ లోపలికి వెళ్లాక గొంతు తగ్గించి, 'ఆ కేసు రాస్తారాండీ?' అన్నాడు. నేను రాయలేదు. మూసేసిన పిల్లల కేసు వివరాలు క్యారెక్టర్ సర్టిఫికెట్ కోసం కూడా పోలీసులు బయటపెట్టకూడదని అదే 74వ సెక్షన్లో ఉంది. అది నాకప్పుడు తెలియదు. సిగ్గేసి రాయలేదు, అంతే.

ప్రొబేషన్ గురించి రెండు మాటలే. మా మెటీరియల్లో దానికి 'పరివీక్ష' అని ఉంది. ఆ మాట 36 ఏళ్లలో స్టేషన్లోనూ వినలేదు, కోర్టులోనూ వినలేదు. మీ పత్రికల్లో అయితే 'వదిలేశారు' అని రాస్తున్నారు. వదిలెయ్యడం కాదది. 1958 ప్రొబేషన్ చట్టం నాలుగో సెక్షన్ కింద, జైలుకు బదులు, మూడేళ్ల దాకా మంచి నడవడికకు బాండు రాసివ్వాలి. ప్రొబేషన్ ఆఫీసరు కన్నేసి ఉంచుతారు. గీత దాటితే పిలిచి శిక్ష వేస్తారు. 21 ఏళ్లు నిండని వాళ్లయితే, యావజ్జీవం దాకా వెళ్లే నేరం కానప్పుడు, జైలుకు పంపాలంటేనే జడ్జి కారణం రాయాలి. ఈ ఆరో సెక్షన్ మీద 1964లో సుప్రీంకోర్టులో పెద్ద తీర్పు రాసింది కోకా సుబ్బారావు గారు. మన రాజమండ్రి ఆయన, ఆంధ్ర హైకోర్టు మొదటి ప్రధాన న్యాయమూర్తి. గుర్గావ్ జిల్లా కుర్రాడు, 16 ఏళ్లు, ఒక ఇంట్లో జొరబడి చిన్నపిల్ల మీద చెయ్యివేశాడు. చిన్న తప్పేం కాదు. కింది కోర్టు ఆరు నెలలు వేసింది. ఆ తీర్పు నాటికి ప్రొబేషన్ చట్టం ఆ జిల్లాకు రానేలేదు, తర్వాత వచ్చింది. అయినా అప్పీలులో దాని మేలు కుర్రాడికి అందాలన్నారు సుబ్బారావు గారు. క్లాసులో ఇది చెప్తుంటే నాకొకటి తట్టింది. ఆ కేసును పిలిచేది ఆ కుర్రాడి పేరుతోనే. అరవై ఏళ్లుగా దేశంలోని లా విద్యార్థులంతా ఆ పేరు బట్టీపట్టి పరీక్షల్లో రాస్తున్నారు. నేనూ రాయాలి, లేకపోతే మార్కులు రావు. ఈ ఉత్తరంలో మాత్రం రాయను.

ఘోరాలు చేసే పదిహేడేళ్ల వాళ్ల సంగతేమిటని అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. 16 నుంచి 18 లోపు వాళ్లు ఘోర నేరం చేస్తే బోర్డు ముందుగా అంచనా వేసి, పెద్దవాళ్లలా విచారించడానికి పిల్లల కోర్టుకు పంపవచ్చని 2015 చట్టంలో పెట్టారు. అది మంచిదా కాదా అన్నది నాకింకా తేలలేదు. బాధితుల ఇళ్లలో నేలమీద కూర్చుని స్టేట్‌మెంట్లు రాసినవాణ్ని నేను. నేను మాట్లాడుతున్నది సెల్‌ఫోన్ల గురించి, సైకిళ్ల గురించి. మా స్టేషన్‌కొచ్చిన పిల్లల్లో ఎక్కువమంది తెచ్చినవి అవే.

మీ డెస్కు వాళ్లకు నా మనవి చిన్నది. ప్రభుత్వ కాగితాల్లో 'చట్టంతో సంఘర్షణలో ఉన్న బాలుడు' అంటారు. హెడ్డింగులో అది పట్టదని తెలుసు. 'బాలుడు' అంటే సరిపోతుంది. 'సెల్‌ఫోన్ల చోరీ: బోర్డు ముందుకు బాలుడు' అంటే వార్తకొచ్చిన లోటేమీ లేదు. ఊరు, బడి, తండ్రి వృత్తి తీసెయ్యండి, ఫొటో అసలే వద్దు. ప్రెస్‌నోట్‌లో వచ్చినా తీసెయ్యండి. ఆ నోటు రాసేవాడికి నాలాగే తెలియకపోయి ఉండొచ్చు.

నా పేరు కింద రాయలేదు. కవరు వెనక ఉంది, మీ వరకే. పేరు వేస్తే నేను ఏయే స్టేషన్లలో చేశానో మా జిల్లాలో సగం మందికి తెలుసు, అక్కణ్నుంచి ఆ ఊరికి దారి దొరుకుతుంది. అందుకే కొన్ని మార్చాను. మీ వార్త వచ్చింది మంగళవారం కాదు, కొట్టు మూసుకున్న ఆ తండ్రిది టీకొట్టు కాదు. అసలు క్లిప్పింగు ఇదే కవర్లో విడిగా పెట్టాను, చూసి చింపెయ్యండి. అన్నట్టు, ట్రాక్టర్ నుంచి ఆ కుర్రాడు పీకింది బ్యాటరీ కాదు. ఊళ్లో వాళ్లు వాణ్ని పిలిచే పేరూ అది కాదు.

ఇట్లు,
రిటైర్డ్ హెడ్ కానిస్టేబుల్,
ఎల్ఎల్‌బీ ఆఖరి సంవత్సరం విద్యార్థి