పాత పోర్టుల డ్రైవర్లను అందుబాటులో ఉంచాలి

సంపాదకులకు నమస్కారం.

తూకం యంత్రాలు, ప్రయోగశాల పరికరాలు, డాట్ మాట్రిక్స్ ప్రింటర్లు ఏళ్ల తరబడి చక్కగా పనిచేస్తూనే ఉన్నా, కంప్యూటర్ మార్చిన రోజున వాటిని మూలన పడేయాల్సి వస్తోంది. వీటిలో చాలావాటిని కంప్యూటర్‌కు కలిపేది పాతకాలపు సీరియల్ పోర్టు లేదా పారలల్ పోర్టు. సీరియల్ పోర్టుకు ఆధారమైన ఆర్‌ఎస్‌-232 ప్రమాణం 1960 నాటిది. కొత్త కంప్యూటర్‌కు ఆ పోర్టు లేకపోయినా యూఎస్‌బీ కేబులో, కంప్యూటర్ లోపల అమర్చే పీసీఐ ఎక్స్‌ప్రెస్ కార్డో సులువుగానే దొరుకుతుంది. దాన్ని కంప్యూటర్ వాడుకునేలా చేసే సాఫ్ట్‌వేర్, అంటే డ్రైవర్ దగ్గరే చిక్కంతా వస్తోంది.

ఇటీవల నేను కొన్న కేబుల్ ప్యాకెట్ మీద చిప్ పేరే లేదు. విండోస్‌లో పరికరాల జాబితా చూపే డివైస్ మేనేజర్‌లో, సమస్య ఉందని తెలిపే పసుపు త్రికోణం కనిపించింది. డ్రైవర్లు ఉచితమనే వెబ్‌సైట్లలో రెండు సాయంత్రాలు వెతికి, నేను కోరని సాఫ్ట్‌వేర్‌ను కంప్యూటర్‌లోకి ఎక్కించుకున్నాను. చివరకు ప్రాపర్టీస్‌లో హార్డ్‌వేర్ ఐడీ తెరిచి, తయారీదారును తెలిపే వీఐడీ 1ఏ86, ఉత్పత్తిని తెలిపే పీఐడీ 7523 అన్న సంకేతాలు చూశాకే అది సీహెచ్340 చిప్ అని తెలిసింది. చిప్ తయారీదారు సొంత వెబ్‌సైట్ నుంచి డ్రైవర్ తెచ్చుకుంటే అయిదు నిమిషాల్లో పని పూర్తయింది. ఆ ఒక్క పేరు ప్యాకెట్ మీద అచ్చు వేయడానికి ఏం అడ్డమో నాకు అర్థం కాలేదు.

పారలల్ పోర్టు విషయం మరింత క్లిష్టం. యూఎస్‌బీ పారలల్ కేబుల్‌ను విండోస్ సాధారణంగా యూఎస్‌బీ ప్రింటర్‌గానే గుర్తిస్తుంది తప్ప ఎల్‌పీటీ1గా, అంటే అసలైన పారలల్ పోర్టుగా చూపదు కాబట్టి, ఆ పోర్టుకు మామూలుగా ఉండే 378 అనే చిరునామాకు నేరుగా సంకేతాలు పంపే పాత ప్రోగ్రాములకు, యంత్రాలను నడిపే సాఫ్ట్‌వేర్‌కు అది అక్కరకు రాదు. కార్డు పెట్టినా చిరునామా మారిపోతుంది. ప్రోగ్రాములో చిరునామా మార్చుకునే వీలుంటేనే పని జరుగుతుంది. ఈ సంగతి కొనేముందు చెప్పేవారు అరుదు. పరికరంతో వచ్చిన పాత సీడీ కూడా ఆదుకోదు. 32 బిట్ల డ్రైవర్ 64 బిట్ల విండోస్‌లో ఎక్కదు, ఎవరు తయారుచేశారో ధ్రువీకరించే డిజిటల్ సంతకం లేని డ్రైవర్‌ను అది మామూలుగా అనుమతించదు.

ఈ తరహా చిప్‌లలో చాలావాటికి లినక్స్ ఆపరేటింగ్ సిస్టమ్ మూలభాగమైన కెర్నెల్‌లోనే డ్రైవర్లు ఉన్నాయి, కాబట్టి ఇది చేయలేని పని కాదు. కేబుళ్లు, కార్డులు అమ్మే సంస్థలు చిప్ పేరును, ఏ విండోస్ వెర్షన్లలో పనిచేస్తుందో ప్యాకెట్ మీదే ముద్రించాలనీ, పాత డ్రైవర్లను తమ వెబ్‌సైట్ల నుంచి తొలగించవద్దనీ మీ పత్రిక ద్వారా కోరుతున్నాను. హార్డ్‌వేర్ ఐడీతో చిప్‌ను గుర్తించే పద్ధతిని మీ సాంకేతిక పేజీలో బొమ్మలతో వివరిస్తే మరెందరికో రెండు సాయంత్రాలు మిగులుతాయి.

ఇట్లు,
మీ పాఠకుడు