ఊహాలోకానికైనా పంచాంగం కావాలి

సంపాదకులకు నమస్కారాలు.

ఆదివారం అనుబంధాల్లో ఊహాలోకపు కథలు మళ్లీ జోరుగా వస్తున్నాయి. రాజ్యాలు, కోటలు, మంత్రాలు శ్రద్ధగానే అల్లుతున్నారు. ఆకాశం దగ్గరికి వచ్చేసరికి మాత్రం, ఇద్దరు చంద్రులూ ఒకే రాత్రి నిండే ‘వందేళ్లకోసారి వచ్చే జంట పున్నమి’ అని ఒక్క ముక్కతో సరిపెట్టేస్తున్నారు. ఆ వందేళ్లు ఏ లెక్కన వచ్చాయో కథలోని జ్యోతిష్కుడికీ తెలియదు. కథంతా ఆ రాత్రి మీదే నడుస్తున్నప్పుడు ఇది చిన్న లోటు కాదు. కొత్తగా రాసే పిల్లలకు పనికొస్తుందని ఆ లెక్క ఎలా కట్టాలో రాస్తున్నాం.

ముందు సూర్యుడి సంగతి. ‘ఏడాదికి ఒకే ఒక్క ఉదయం గర్భగుడిలో కిరణం పడుతుంది’ అని రాస్తుంటారు. మన అరసవల్లి సూర్యదేవాలయం చూడండి. మార్చి 9, 10, 11 తేదీల్లో ఒకసారి, అక్టోబరు 1, 2, 3 తేదీల్లో మరోసారి కిరణాలు స్వామి పాదాలను తాకుతాయి. డిసెంబరు 21 ప్రాంతంలో సూర్యుడు దక్షిణపు కొసకు చేరి వెనక్కి మళ్లుతాడు. వెళ్లేటప్పుడు ఏ దిక్కున ఉదయించాడో వచ్చేటప్పుడూ ఆ దిక్కునే ఉదయించాలి, అందుకే రెండుసార్లు. అక్టోబరు 2 నుంచి డిసెంబరు 21కి 80 రోజులు, అక్కడి నుంచి మార్చి 10కి 79. ఆ రోజుల్లో ఉదయించే చోటు రోజుకు సుమారు 0.4 డిగ్రీలు జరుగుతుంది, సూర్యబింబం వెడల్పేమో అర డిగ్రీ. కాబట్టి మూడు రోజుల్లో ముగిసిపోతుంది. ఏడాదికి ఒక్కసారే కావాలంటే గుడిని ఆ దక్షిణపు కొసకో, ఉత్తరపు కొసకో గురిపెట్టి కట్టాలి. కానీ అక్కడ సూర్యుడు దాదాపు ఆగినట్టే ఉంటాడు, కిరణం రోజుల తరబడి పడుతూనే ఉంటుంది. రచయిత ఏదో ఒకటి ఎంచుకోక తప్పదు.

ఇక ఇద్దరు చంద్రుల లోకం. మూడు అంకెలు చాలు. ఏడాది 372 రోజులనుకుందాం. పెద్ద చంద్రుడికి పున్నమి నుంచి పున్నమికి 27 రోజులు, చిన్న చంద్రుడికి 40. ఒక రాత్రి రెండు పున్నములూ కలిశాయంటే, మళ్లీ సరిగ్గా కలిసేది 27, 40ల క.సా.గు. (రెండింటితోనూ నిశ్శేషంగా భాగించగల అతి చిన్న సంఖ్య) అయిన 1080 రోజులకు. అంటే మూడేళ్లకు 36 రోజులు తక్కువ. ఈసారి కోతల్లో వచ్చిన జంట పున్నమి వచ్చేసారి కోతలకు నెల ముందే వచ్చేస్తుంది. ఇలా జరుగుతూ సుమారు 30 ఏళ్లలో రుతువులన్నీ తిరిగేస్తుంది. తాత చిన్నప్పుడు నాట్లలో చేసిన పండగ తండ్రి నాటికి కోతల్లో పడుతుంది. ఈ ఒక్క వివరంతో ఆ లోకానికి చరిత్ర వస్తుంది.

ఎక్కువ మంది తప్పేది దీని తర్వాతే. 27ను మూడుతో గుణిస్తే 81, 40ని రెండుతో గుణిస్తే 80. అంటే కలయిక జరిగిన 80 రోజులకే చిన్న చంద్రుడు నిండుగా ఉంటాడు, పెద్ద చంద్రుడికి పున్నమి మర్నాడే. పున్నమికి ఒకరోజు ముందటి చంద్రుడు కంటికి నిండుగానే కనిపిస్తాడు. పండితుడు కాదన్నా ఊరివాళ్లు జంట పున్నమనే అంటారు. అంకెలు మార్చి చూసినా ఇలాంటి దగ్గరి కలయికలు తప్పవు. నిజంగా అరుదైనది కావాలంటే పున్నములు కలిస్తే సరిపోదు, ఒకరు రెండోవారిని కప్పాలి. దానికి ఇద్దరి దారులనూ కాస్త వంచాలి. మన చంద్రుడి దారి సుమారు 5 డిగ్రీలు వాలి ఉండబట్టే ప్రతి అమావాస్యకూ సూర్యగ్రహణం రావడం లేదు. మన గ్రహణాలు 18 ఏళ్ల 11 రోజుల 8 గంటలకు దాదాపు అదే తీరులో తిరిగి వస్తాయి. ఆ మిగులు 8 గంటల్లో భూమి మూడో వంతు తిరిగిపోతుంది కాబట్టి ఆ గ్రహణం మరో దేశం వాళ్లకు కనిపిస్తుంది. కథలో ఇలాంటి మిగులు ఒకటి పెట్టుకుంటే శత్రురాజ్యంలో కనిపించి మన రాజ్యంలో కనిపించని గ్రహణం దొరుకుతుంది.

సముద్రం ఉన్న లోకమైతే పోటు సంగతి మరచిపోకూడదు. కళింగపట్నం, బారువ వైపు వేటకు వెళ్లేవాళ్లకు పున్నమికీ అమావాస్యకీ పోటు పెద్దదని తెలుసు. వెలుగుతో దానికి పని లేదు, సూర్యుడూ చంద్రుడూ ఒకే గీత మీద ఉంటే చాలు. పై లెక్కలో 540వ రోజున పెద్ద చంద్రుడికి పున్నమి, చిన్న చంద్రుడికి అమావాస్య. ఆకాశంలో ఒక్కడే కనిపిస్తాడు, పోటు మాత్రం జంట పున్నమినాటి అంతే ఉంటుంది. ఓడరేవు కథకు ఇంతకంటే మంచి ప్రమాదం ఉండదని మా అభిప్రాయం.

బొమ్మల్లో తప్పులు ఇంకా ఎక్కువ. నిండు చంద్రులను ఒకరిని తూర్పున, ఒకరిని పడమర వేస్తున్నారు. ఇద్దరూ నిండుగా ఉన్నారంటే ఇద్దరూ సూర్యుడికి ఎదురుగా ఉన్నట్టు, కాబట్టి పక్కపక్కనే ఉండాలి. పొద్దుగూకే వేళ ఉదయించి, నడిరాత్రి నడినెత్తికి దగ్గరగా రావాలి. సన్నని నెలవంక నడిరాత్రి ఆకాశంలో ఉండదు. కొమ్ములు ఎప్పుడూ సూర్యుడు లేని వైపే తిరిగి ఉంటాయి.

పండగ తేదీని నేరుగా ఆకాశానికి కట్టేయనక్కర్లేదు. విజయనగరం పైడితల్లి అమ్మవారి సిరిమానోత్సవం విజయదశమి తర్వాత వచ్చే మొదటి మంగళవారం జరుగుతుంది. తిథి ఒకటి, వారం ఒకటి. ఊహాలోకంలోనూ అలాంటి నియమం పెడితే ఆకాశంలో కలయిక ముందు జరిగి, జాతర కొన్ని రోజులకు వస్తుంది. ఆ మధ్య రోజుల్లో కథ నడపడానికి బోలెడంత చోటుంటుంది.

మీకు ఒక్క మనవి. ఇలాంటి సీరియల్ తీసుకునేటప్పుడు రచయిత దగ్గర ఆ లోకపు పంచాంగం ఒక పేజీ అడిగి తీసుకోండి. ఏడాదికి రోజులెన్ని, ఒక్కో చంద్రుడి పున్నమి ఎన్నాళ్లకు, కథ మొదలైన రోజున ఎవరు ఏ తిథిలో ఉన్నారు అన్నవి అందులో ఉంటే చాలు. దాన్నిబట్టి ప్రతి రాత్రి సన్నివేశానికీ ఇద్దరి తిథులూ రాసి చిత్రకారుడికి పంపండి.

ఇట్లు,
ఖగోళం, ఊహాలోకపు కథలు రెండూ ఇష్టమైన కొందరు పాఠకులు,
శ్రీకాకుళం