ఫాతెన్ హమామాతో ఒక ఏడాది: మన చలనచిత్ర సంఘం వార్షిక నివేదిక

సభ్యులందరికీ నమస్కారం.

ఏడాది పొడుగునా ఒకే నటి, ఈజిప్టుకు చెందిన ఫాతెన్ హమామా, సినిమాలు చూద్దామన్న ప్రతిపాదన కిందటి సర్వసభ్య సమావేశంలో వచ్చినప్పుడు, వద్దన్నవారిలో కార్యదర్శినైన నేనూ ఉన్నాను. ఈజిప్టు నటులలో నాకు తెలిసినవాడు ఒమర్ షరీఫ్ ఒక్కడే, అదీ హాలీవుడ్ పుణ్యమా అని. ఆ షరీఫ్ తొలి సినిమా ‘సిరా ఫిల్ వాదీ’ (1954)లో నాయిక ఫాతెన్ హమామా అనీ, అప్పటికే ఆమె పేరున్న తార అనీ తెలిశాక మారు మాట్లాడలేదు. 1955లో వాళ్లిద్దరికీ పెళ్లయింది. పెళ్లి కోసం షరీఫ్ ఇస్లాం స్వీకరించాడు. 1974లో విడాకులయ్యాయి. సమావేశాల్లో ఈ ప్రేమకథ మీద ఖర్చయిన సమయం సినిమాల మీద ఖర్చయి ఉంటే బాగుండేదని నా ఫిర్యాదు.

ఆమె 1931లో పుట్టారు. తండ్రి విద్యాశాఖలో గుమాస్తా. పిల్లల అందాల పోటీలో గెలిచిన కూతురి ఫొటోను ఆయన దర్శకుడు మొహమ్మద్ కరీమ్‌కు పంపారు. కరీమ్ అప్పుడు గాయకుడు మొహమ్మద్ అబ్దుల్ వహాబ్ సినిమాలో వేషానికి ఒక చిన్న పిల్ల కోసం వెతుకుతున్నాడు. అలా ‘యౌమ్ సయీద్’తో తెరకెక్కిన ఆ పిల్ల తర్వాత అరబ్బు దేశాలన్నిటికీ ‘అరబ్బు తెర మహారాణి’ అయింది. 1950లో దర్శకుడు యూసఫ్ షాహీన్ మొదటి సినిమా ‘బాబా అమీన్’లోనూ ఆమె ఉన్నారు.

తొలి నెలల్లో కొందరు సభ్యులు నీరసపడ్డారు. దాచడమెందుకు? నలభైల చివర, యాభైల మొదట్లో వచ్చిన సినిమాల్లో ఆమెకు ఎక్కువగా దక్కినవి మోసపోయి కన్నీరు పెట్టుకునే అమాయకురాలి వేషాలే. మన పాత సినిమాల్లో ఇలాంటి ఏడుపు చాలదా అని ఒక పెద్దాయన అడిగారు. ‘దుఆ అల్ కరవాన్’ (1959) వేసిన రోజు ఆయనే చివరిదాకా కదలలేదు. తాహా హుస్సేన్ నవల ఆధారంగా హెన్రీ బరకాత్ తీసిన సినిమా అది. ఒక ఇంజినీరు చేతిలో మోసపోయిన అక్కను పరువు పేరిట సొంత మేనమామే చంపుతాడు. చెల్లెలు ఆమ్నా పగ తీర్చుకోవడానికి అదే ఇంజినీరు ఇంట్లో పనిమనిషిగా చేరుతుంది. ద్వేషం ఎక్కడ ఆగి ప్రేమ ఎక్కడ మొదలైందో ఆమ్నాకే తెలియదు, హమామా ముఖం చూస్తున్న మనకూ తెలియదు.

అయినా నా ఓటు ‘అల్ హరామ్’ (1965)కే. యూసఫ్ ఇద్రీస్ రచనకు బరకాత్ దర్శకత్వం. ఊరూరా కూలికి తరలివెళ్లే అజీజా, జబ్బుపడ్డ మొగుడు చిలగడదుంప తినాలని ఉందంటే తవ్వి తేవడానికి ఒకరి చేనుకు వెళ్తుంది. అక్కడ అత్యాచారానికి గురవుతుంది. కడుపును గుడ్డతో బిగించి కట్టుకుని పొలం పనికి పోతుంది, ఒంటరిగా ప్రసవిస్తుంది. ఏడుపు బయటికి వినిపించకూడదని బిడ్డ నోరు నొక్కితే ఆ బిడ్డ ప్రాణం పోతుంది. బాలింత జ్వరంతోనే మళ్లీ కూలికి దిగుతుంది. ఇంత దుఃఖంలోనూ హమామా గొంతెత్తి ఏడ్చేది తక్కువ. ఆ ఏడాది కాన్ (కేన్స్) చిత్రోత్సవంలో పోటీపడిన సినిమా ఇది. మనం సంపాదించిన ప్రతిలో ఉపశీర్షికలు మాటల కన్నా వెనకబడి నడిచాయి. అందుకు మన్నించండి.

1966లో ఆమె ఈజిప్టు వదిలారు. నిఘా విభాగం వేధింపులు భరించలేకే వెళ్లానని తర్వాత చెప్పారు. బేరూత్‌లో, లండన్‌లో గడిపి, దేశాధ్యక్షుడు నాసర్ మరణించాక 1971లో తిరిగి వచ్చారు. ఆ తర్వాతి పాత్రలు వేరు. ‘ఉరీదు హల్లన్’ (1975)లో విడాకుల కోసం కోర్టుల చుట్టూ ఏళ్ల తరబడి తిరిగి ఓడిపోయే దుర్రియా ఆమె. ఈ సినిమా వల్లే చట్టం మారిందని చాలా చోట్ల రాస్తారు. ఒక్క సినిమాతో చట్టం మారుతుందని నేను నమ్మను. అయితే 1979లో కుటుంబ చట్టం సవరణకు వచ్చేనాటికి దేశమంతా దుర్రియా కథ చూసి ఉంది. భార్య మెహరు (పెళ్లికి భర్త ఇచ్చిన సొమ్ము) తిరిగిచ్చి తానే విడాకులు తెచ్చుకునే ఖుల్ పద్ధతి మాత్రం 2000లో గాని కోర్టులకెక్కలేదు.

ఆఖరి సినిమా ‘అర్ద్ అల్ అహ్లామ్’ (1993) మనకు దొరకలేదు. ఆమె 2015 జనవరి 17న కన్నుమూశారు. అదే ఏడాది జూలైలో షరీఫ్ కూడా పోయాడు.

జమాఖర్చులు కోశాధికారి నివేదికలో ఉన్నాయి. వచ్చే ఏడాది షాహీన్ సినిమాలు చూద్దామని కార్యవర్గం ప్రతిపాదన. వద్దనేవారు ఈసారి ముందుగానే రాతపూర్వకంగా తెలియజేయండి.

— కార్యదర్శి