పనసకాయ మేలు పనసపండుకు అంటగట్టొద్దు

సంపాదకులకు నమస్కారం.

పనస కాలం వచ్చిందంటే పత్రికల ఆరోగ్యం పేజీల్లో 'పనస తింటే షుగర్ అదుపులోకి వస్తుంది' అన్న మాట కనిపిస్తూనే ఉంటుంది. కాయకు చెప్పాల్సింది పండుకు చెప్పడంతో వచ్చిన తంటా ఇది. పర్లాకిమిడి, గుణుపురం వైపు, జూన్ నడుమ ఒడియావాళ్లు జరుపుకునే రజ పండగనాటికి పండు చవకగానే దొరుకుతుంది. ఆ వాక్యం నమ్మి షుగర్ ఉన్న మనిషి గిన్నెడు తొనలు ముందేసుకుంటే తప్పు ఆయనది కాదు.

ఆ మాటకు ఆధారం మన పొరుగునే ఉంది. శ్రీకాకుళం ప్రభుత్వ వైద్య కళాశాలలో 40 మంది టైప్-2 షుగర్ రోగులతో 12 వారాలు చేసిన పరీక్ష 2021లో అచ్చయింది. ఒక జట్టుకు రోజుకు 30 గ్రాముల పచ్చి పనస పిండి ఇచ్చారు. తినే అన్నం, గోధుమపిండి ఆ మేరకు తగ్గించి, వాటికి బదులుగా దీన్ని పెట్టారు. మూడు నెలల చక్కెర సగటు స్వల్పంగానే అయినా తగ్గింది. 'బదులుగా' అన్నదే ఇందులో కీలకం. మామూలుగా తినే అన్నమంతా తిని, పైన ఈ పిండి కలుపుకుంటే పిండిపదార్థం పెరుగుతుందే తప్ప తగ్గదు. మాత్రలో ఇన్సులినో వాడేవారు డాక్టరుకు చెప్పి మొదలుపెట్టాలి.

పండు సంగతి వేరు. మధ్యరకం తొనలు నాలుగైదు, అంటే 100 గ్రాముల్లో, సుమారు 19 గ్రాముల చక్కెర ఉంటుంది. అరటిపండుతో పోలిస్తే పొటాషియం కూడా ఎక్కువే: 100 గ్రాములకు అరటిలో సుమారు 360 మిల్లీగ్రాములు, పనసలో 450 దాకా. ఆరోగ్యంగా ఉన్నవారికి ఈ పొటాషియం రక్తపోటుకు మంచిదే.

పిండి ఇంట్లో చేసుకోవాలంటే ముదిరి ఇంకా పండని కాయ కావాలి. కత్తికీ చేతులకూ నూనె రాసుకుని కోసి, తొనల్లోంచి పిక్కలు తీసి, సన్నగా తరిగి, మరిగే నీళ్లలో రెండు మూడు నిమిషాలు ముంచి తీస్తే రంగు నల్లబడదు. ఎండబెట్టిన ముక్క వంచితే ఫట్‌మని విరగాలి. వంగిందంటే ఇంకా తడి ఉన్నట్టే, డబ్బాలో బూజు పడుతుంది. జూన్ ముసురు పట్టాక ఈ పని పెట్టుకోవడం దండగ. పిక్కలు పారేయొద్దు. అయితే ఉడికించి గానీ కాల్చి గానీ తినాలి. పచ్చివాటిలో మాంసకృత్తుల అరుగుదలను అడ్డుకునే పదార్థం ఉంటుంది.

కాయకు గిరాకీ పెరిగితే రైతుకూ లాభమే. ఒకే కాడకు రెండు మూడు కాయలు ఆనుకుని పెరిగితే ఆ సందుల్లోనే కాయతొలిచే పురుగు చేరుతుంది, కుళ్లు మొదలవుతుంది. ఒకటి ఉంచి మిగతావి లేతగా ఉండగానే కోసి పొట్టుకు అమ్మితే సొమ్ము ముందే వస్తుంది, ఉన్న కాయ బాగా ఊరుతుంది. మగకంకులు పుప్పొడి రాల్చాక నల్లబడి రాలిపోతాయి. అది తెగులు కాదు, చాలామంది కంగారుపడి మందు కొట్టేస్తుంటారు. లేతకాయ మీద బూడిదరంగు బూజు వచ్చి నల్లగా మెత్తబడితేనే కుళ్లు తెగులు. ఆ కాయలతో పాటు రాలిన కంకులనూ ఏరి పాతిపెట్టాకే 1 శాతం బోర్డో మిశ్రమం గానీ, లీటరు నీటికి 3 గ్రాముల కాపర్ ఆక్సీక్లోరైడ్ గానీ చల్లాలి. ఏరకుండా చల్లితే బూజు మళ్లీ వస్తుంది. కొత్తగా వేసేవారు పిక్క మొక్క కన్నా అంటుమొక్క తీసుకోవడం మేలు. పిక్క మొక్క కాపుకు ఏడెనిమిదేళ్లు పడుతుంది, తల్లిచెట్టు రుచి వస్తుందన్న నమ్మకమూ లేదు. ఎకరాకు నలభై మొక్కలు చాలు. నీళ్లు నిలిచే పల్లంలో మాత్రం వేయొద్దు, వేరు కుళ్లి చెట్టే పోతుంది.

ఇక పత్రిక అసలు మరచిపోకూడనిది కిడ్నీ రోగుల మాట. శ్రీకాకుళం జిల్లా ఉద్దానం ప్రాంతంలోని కవిటి, సోంపేట, కంచిలి, ఇచ్ఛాపురం మండలాల్లో ఈ జబ్బు ఎంతగా ఉందో మీ పాఠకులకు చెప్పక్కర్లేదు. ఆ తోటల్లోనే పనసా, కొబ్బరీ విరివిగా పండుతాయి. దెబ్బతిన్న కిడ్నీ పొటాషియాన్ని బయటికి పంపలేదు. అది రక్తంలో పేరుకుంటే గుండె లయ తప్పుతుంది. పండుతో పాటు ఎండబెట్టిన పిండి విషయంలోనూ జాగ్రత్త అవసరం, నీరు పోయాక పొటాషియం చిక్కబడుతుంది కనుక. పొట్టును ఎక్కువ నీళ్లలో ఉడికించి, ఆ నీళ్లు పారబోసి, గట్టిగా పిండి ఆవపెట్టి వండితే కొంత తగ్గుతుంది. ఎంత తినొచ్చన్నది రక్తపరీక్ష చూసి డాక్టరు చెప్పాలి.

ఒడియావాళ్లు కరమంగ అనే, అడ్డంగా కోస్తే నక్షత్రంలా కనిపించే పుల్లకాయను (స్టార్ ఫ్రూట్) మాత్రం కిడ్నీ జబ్బున్నవారు ఒక్క ముక్క కూడా ముట్టకూడదు. పచ్చడి అయినా, రసమైనా అంతే. అందులోని విషపదార్థాన్ని పాడైన కిడ్నీ వడకట్టలేదు. ఆగని వెక్కిళ్లతో మొదలై, మాట తడబడి, మూర్ఛల దాకా పోతుంది, ప్రాణాలు పోయిన సందర్భాలూ ఉన్నాయి. తిన్నాక వెక్కిళ్లు పట్టుకుంటే మంచినీళ్లు తాగించి చూద్దామని ఆగకుండా డయాలిసిస్ ఉన్న ఆసుపత్రికి తీసుకెళ్లి, ఏం తిన్నారో అక్కడ చెప్పాలి.

– ఒక పాఠకుడు,
పర్లాకిమిడి, గజపతి జిల్లా, ఒడిశా