పగలు పడుకునే జీవాలకు ఒక చల్లటి చీకటి గది కావాలి

రాష్ట్ర అటవీ శాఖ మంత్రి గారికి,

నమస్కారం. నేను నెల్లూరు జిల్లాలో పశువైద్యుడిని. గాయపడినవి, బావుల్లో పడినవి, అమ్ముతుండగా దొరికినవి, ఇలా అడవి జీవాలను మా దగ్గరికి తెస్తుంటారు. గుడ్లగూబలు, పునుగు పిల్లులు, ఎప్పుడైనా ఒక దేవాంగ పిల్లి (పేరుకే పిల్లి, కోతి జాతికి దగ్గరి చిన్న జీవి, లోరిస్). అన్నీ రాత్రి తిరిగేవే. తిరుపతి జూకు పంపేదాకానో, అడవిలో వదిలేదాకానో వాటిని ఎక్కడో ఒకచోట ఉంచాలి. ఆ చోటు గురించే ఈ లేఖ.

పోయిన ఎండాకాలం ఒక గుడ్లగూబను రేకుల షెడ్డులో ఇనుప బోనులో పెట్టారు. నేను వెళ్లేసరికి నోరు తెరిచి, రెక్కలు వేలాడేసి, గొంతు అదేపనిగా ఆడిస్తోంది. "మమ్మల్ని చూసి కోపం సార్" అన్నారు అక్కడివాళ్లు. అది కోపం కాదు. పక్షులకు చెమట పట్టదు, ఒంట్లో వేడి దించుకోవడానికి అలా చేస్తాయి. సాయంత్రానికి చచ్చిపోయింది. దాని రెక్కకు తగిలిన దెబ్బ ప్రాణం తీసేంతది కాదు.

అడవిలోనూ మే నెల ఎండలే కదా అంటారు. అడవిలో అవి పగలు ఎండలో ఉండవు. గుడ్లగూబ తొర్రలో, అలుగు (ఒంటినిండా పొలుసులుండే జీవి) బొరియలో, దేవాంగ పిల్లి గుబురు కొమ్మల్లో పడుకుంటాయి. వేడెక్కితే చోటు మార్చుకుంటాయి. బోనులో ఆ వీలు లేదు. పైగా రేకు, సిమెంటు గోడ పగటి వేడిని రాత్రి వదులుతాయి. లేచి తినాల్సిన వేళకీ లోపల ఉడికిపోతుంటే ఏ జీవం తింటుంది? పావుకిలో అటూ ఇటూ తూగే దేవాంగ పిల్లి తిండీ నీళ్లూ మానేస్తే ఎంతోసేపు తట్టుకోలేదు.

అందుకే థర్మామీటరు వరండాలో కాదు, అది పడుకునే పెట్టెలో ఉండాలి. మధ్యాహ్నం 3 గంటలకు, రాత్రి 9 గంటలకు ఎంతుందో రాయించండి.

కూలర్ కొనిస్తే సరిపోదా అంటే, అన్నిచోట్లా సరిపోదు. ఉదయగిరి వైపు పొడి ఎండకు కూలరూ వట్టివేళ్ల తడకా బాగా పనిచేస్తాయి. నెల్లూరులో సముద్రపు గాలి తిరిగాక అసలే ఉక్కపోత, కూలర్ ఆ తేమను ఇంకా పెంచుతుంది. అక్కడ గాలి ఆడటం, పైకప్పు నీడ ముఖ్యం. రేకు మీద తాటాకు కప్పి, గోడలకు సున్నం కొట్టి, ఫ్యానుకు ఇన్వర్టర్ పెడితే చాలా తేడా కనిపిస్తుంది. చలికాలంలో వెచ్చదనానికి బల్బు వేలాడదీయడం కూడా ఆపించాలి. ఆ వెలుతురుకు రాత్రి జీవి పెట్టెలోంచి బయటికే రాదు. ఎండుగడ్డి వేసిన మూత పెట్టె చాలు.

జూలకు కేంద్ర జూ అథారిటీ ఉంది, 2009 నిబంధనలు ఉన్నాయి. ఈ రెండు మూడు రోజుల బసను కూడా అంత గట్టిగానే చూడాలని మా విన్నపం. జిల్లాలో ముందుగా రెండు చోట్ల, నెల్లూరులో ఒకటి, ఉదయగిరిలో ఒకటి, ఉత్తరం వైపు ఒక్కో గది కేటాయించండి. శివరాత్రి లోపు మొదలైతే ఈ ఎండలకు అందుతాయి. పెట్టెల కొలతలు రాసిచ్చి, సిబ్బందికి దగ్గరుండి నేర్పడానికి నేను సిద్ధం. దానికి నాకు రూపాయి కూడా అక్కర్లేదు.

ఇట్లు,
ఒక పశువైద్యుడు,
నెల్లూరు జిల్లా