నోటిమాట చాలదు, కోర్టు కాగితం కావాలి

సంపాదకులు గారికి నమస్కారం.

రోడ్డు పక్క బండ్లు ఎత్తేస్తున్నారని మొన్న మీ పేపర్లో చదివి ఇది రాస్తున్నాను. గోదావరి జిల్లాలో ఒక బస్టాండు దగ్గర పదకొండేళ్లుగా నాకు ఇడ్లీ బండి ఉంది. లైసెన్సు విషయంలో మున్సిపాలిటీతో హైకోర్టు దాకా వెళ్లి, చివరికి రాజీ చేసుకుని వచ్చినదాన్ని.

మొదట్లో ఉన్న కమిషనర్ గారు "నీ జోలికి ఎవరూ రారు, పెట్టుకోమ్మా" అన్నారు. మంచి మనిషి. ఆయనకు బదిలీ అయింది, ఆయనతోపాటే ఆ మాటా పోయింది. తర్వాతివాళ్లు ఒకరోజు తెల్లారకముందే వచ్చి బండి, స్టవ్వు, ఇడ్లీ పాత్ర, పిండి డబ్బా అన్నీ ట్రాక్టరు ఎక్కించేశారు. రోజూ వెళ్లి అడిగితే తొమ్మిదో రోజున ఇచ్చారు. పిండి పులిసి, మూత తోసుకుని పొంగి, డబ్బా చుట్టూ అట్టకట్టి ఎండిపోయింది. 2014 వీధి వ్యాపారుల చట్టం ప్రకారం పాడైపోయే సరుకు అడిగిన రోజే ఇచ్చెయ్యాలి, మిగతావి రెండు పనిదినాల్లో ఇవ్వాలి. ఏమేం పట్టుకెళ్లారో జాబితా రాసివ్వాలి. నాకు చీటీ ముక్క కూడా ఇవ్వలేదు.

ఆడవాళ్లకు ఆదాయంతో పనిలేకుండా న్యాయసేవల సంస్థ వాళ్లు ఉచితంగా లాయరును పెడతారని అప్పుడే తెలిసింది. ఇది చదివే అక్కచెల్లెళ్లు గుర్తుపెట్టుకోండి. అమరావతిలో హైకోర్టులో రిట్, అంటే మున్సిపాలిటీ తీరు మీద పిటిషన్, వేశాం. నాలుగు వారాల్లో నా దరఖాస్తు పరిశీలించి కారణాలతో నిర్ణయం చెప్పమని ఉత్తర్వు వచ్చింది. గెలిచాననుకున్నాను. వాళ్లు పరిశీలించారు, "ట్రాఫిక్‌కు అడ్డం" అని ఒక్క ముక్క రాసి కొట్టేశారు. మళ్లీ రిట్ వేశాం. ఈసారి జడ్జిగారు మున్సిపాలిటీ లాయరును, ఆ స్థలం దగ్గర మీవాళ్లూ ఈమే నిలబడి ఒక్కసారైనా మాట్లాడుకున్నారా అని అడిగారు.

అలా మాట్లాడుకున్నది లేదు. అప్పుడొచ్చారు. టౌన్ ప్లానింగ్ ఆయన టేపు ఒక కొస నాకిచ్చి, రెండో కొస పట్టుకుని బస్ షెల్టర్ స్తంభం దాకా నడిచారు. నా బండి మలుపుకు మరీ దగ్గరగా ఉన్న మాట నిజమే. బస్సు తిరిగేటప్పుడు డ్రైవర్లు పడే అవస్థ నేనూ చూశాను. కల్వర్టు అవతల వేపచెట్టు కింద పెట్టుకుంటానన్నాను. పొద్దున ఐదు నుంచి పదకొండు వరకు, చెత్తబుట్ట నాది, కాలవలో ఎంగిలి నీళ్లు పొయ్యను. వాళ్లు అక్కడ అమ్ముకోవడానికి అనుమతిగా వెండింగ్ సర్టిఫికెట్, గుర్తింపు కార్డు ఇవ్వాలి. అరగంటలో తేలిపోయింది. దానికి పద్నాలుగు నెలలు తిరిగాను.

ఆ షరతులన్నీ కాగితం మీద పెట్టి ఇద్దరం సంతకాలు చేసి కోర్టులో వేశాం. వాటి ప్రకారమే నడుచుకోవాలని జడ్జిగారు ఉత్తర్వులో రాశారు. అందరికీ చెప్పాలనుకున్నది ఇదే. ఉత్తర్వు లేని రాజీ ఆఫీసరు మారేదాకే. రాజీ లేని ఉత్తర్వుతో నేను మళ్లీ మొదటికొచ్చాను.

ఇందుకు అందరూ హైకోర్టు మెట్లెక్కక్కర్లేదు. ఆ వీధి వ్యాపారుల చట్టంలోనే ఫిర్యాదుల కమిటీ ఉంది. దానికి సివిల్ జడ్జిగానో మేజిస్ట్రేటుగానో చేసినవారు అధ్యక్షులుగా ఉండాలి, మున్సిపాలిటీ ఉద్యోగులు అందులో ఉండకూడదు. మా ఊళ్లో అలాంటిది ఉందని నాకు ఎవరూ చెప్పలేదు. ప్రతి ఊళ్లో దాన్ని వేసి, మున్సిపాలిటీ గుమ్మం దగ్గర బోర్డు పెట్టాలి. రాజీ కుదిర్చే లోక్ అదాలత్‌కు కేసు వెయ్యకముందే వెళ్లొచ్చు. అక్కడ కుదిరిన రాజీ సివిల్ కోర్టు డిక్రీతో, అంటే తీర్పుతో, సమానం, దాని మీద అప్పీలు లేదు. బండి ఎత్తే ముందు మున్సిపాలిటీలే మమ్మల్ని అక్కడికి పిలవాలని కోరుతున్నాను.

మాకు ఈమధ్య మళ్లీ కొత్త కమిషనర్ వచ్చారు. పోయిన వారం సిబ్బంది వచ్చి బండి తియ్యమన్నారు. ఉత్తర్వు జిరాక్సు గల్లాపెట్టెలోంచి తీసి ఇచ్చాను. ఒకాయన నిలబడి ఆసాంతం చదివి, ఫోన్లో ఫోటో తీసుకుని, రెండు ప్లేట్లు పార్సిల్ కట్టించుకుని డబ్బులిచ్చి వెళ్లారు.

ఇట్లు,
ఒక ఇడ్లీ బండి యజమానురాలు,
గోదావరి జిల్లా